వన్యమృగములు – అతిథులా? బందీలా?



ఉత్సవములు సమీపించినప్పుడెల్ల భక్తులలో కొందరు మమ్ము ఒక ప్రశ్న అడుగుచుందురు. "స్వామివారి ఊరేగింపునకు ఎచ్చటినుండియైన ఒక ఏనుగును తెప్పించినచో శోభ ఇనుమడించును గదా! గజపూజ మన సంప్రదాయమునందు ఉన్నదే గదా!" అని. ప్రశ్న భక్తితో అడిగినదే. దానికి విసుగుతో గాక విచారణతో సమాధానము చెప్పుట మా విధి. అందుచే ఏనుగు నొక్కదానినే గాక, అడవిలో పుట్టిన మృగమును తెచ్చి కట్టివేసిన మనుష్యుడు దానిని ఏ కంటితో చూచెను, ఏ రూపమున చిత్రించెను అను విషయమును నేడు విచారింతము. కేతేపల్లిలో కూర్చుండి మాటలాడుకొనుచున్నాము గనుక మన సీమయందలి రాళ్లతోనే ప్రారంభింతము.

రాతిలోని మృగము

మన కేతేపల్లి నుండి విజయవాడ రహదారిని పట్టి తూర్పునకు పోయినచో సూర్యాపేట. దానికి చేరువలోనే పిల్లలమర్రి. కాకతీయులకు సామంతులైన రేచెర్ల ప్రభువులు అచ్చట శివాలయములు కట్టించిరి. ఆ రేచెర్లవారిలోని రుద్రుడే క్రీ.శ. 1213 లో పాలంపేటయందు రుద్రేశ్వరాలయమును ప్రతిష్ఠించెను. మనము రామప్ప గుడి అని పిలుచునది, 2021 లో యునెస్కోవారు ప్రపంచ వారసత్వ సంపదగా ప్రకటించినది అదియే. ఆ గుడి చుట్టును ఏనుగులు బారులు తీరి నడచుచుండును. పైన చూరు క్రింద మదనికలతోపాటు ఏనుగుపైకి లంఘించు సింహాకృతులు ఉన్నవి. వానిని గజకేసరులందురు. రుద్రమదేవికి "రాయగజకేసరి" అను బిరుదు కలదు. శత్రురాజులను ఏనుగులకు సింహమెట్టిదో ఆమె వారికి అట్టిదని దాని భావము.

ఇచ్చట ఒక విశేషమున్నది. చరిత్రకాలమున సింహములు నర్మదకు ఉత్తరభూములందే సంచరించెడివని చరిత్రకారులు చెప్పుదురు. అనగా మన సీమ శిల్పి తన అడవిలో ఎన్నడును సింహమును చూచి యుండడు. శాస్త్రము చెప్పినది విని, మనస్సులో ధ్యానించి రాతిపై నిలిపెను. అందుచేతనే ఆ జూలు అగ్నిజ్వాలలవలె ఉండును. ఆ కన్నులు బయటికి పొడుచుకొని వచ్చును. కొలతకు అది సింహము కాకపోవచ్చును. భయభక్తులతో చూచినవానికి మృగము ఎట్లు తోచునో అది మాత్రము అట్లే ఉన్నది.

నృసింహస్వామి విషయమును చూడుడు. యాదగిరిగుట్ట, మట్టపల్లి, అహోబిలము—మన సీమ చుట్టును కొండలలోను నదీతీరములందును ఆ స్వామియే వెలసినాడు. అహోబిలపు అడవులలోని చెంచులు ఆయనను తమ యింటి అల్లునిగా భావింతురు. అడవిమృగపు ముఖము గల దేవుడు ఊరిలోనికి బందీగా రాలేదు, పెండ్లికొమరునిగా వచ్చినాడు. మృగమును గూర్చి మన పూర్వులకు గల దృష్టులలో ఇది మొదటిది, మిక్కిలి ఉన్నతమైనది.

బంగారులేడి

అయితే రెండవ దృష్టియును మన గ్రంథములందే కలదు. దానిని దాచుట న్యాయము కాదు. శ్రీమద్రామాయణమున బంగారులేడిని చూచి సీతమ్మ కోరినదేమి? ప్రాణముతో పట్టి తెచ్చినచో వనవాసము ముగిసిన పిదప అది అంతఃపురమునకు అలంకారమగును. భరతుడును, అత్తలును చూచి ఆశ్చర్యపడుదురు. ప్రాణముతో దొరకనిచో దాని చర్మముపై కూర్చుండవచ్చును. మహర్షి ఈ రెండు కోరికలను ప్రక్కప్రక్కనే ఉంచినాడు. తల్లిని నిందించుటకు కాదు, మనుష్యహృదయమును చూపుటకు. అందమైన మృగము కంటబడగనే మనస్సు దానిని ఇంటికి తేగోరును. ఇంట అలంకారమగుటకు అది ప్రాణముతో ఉన్నను సరియే, చర్మమైనను సరియే. ఆ కోరిక మూలమున వచ్చినది ఎంతటి ఎడబాటో మీకు తెలిసినదే.

భాగవతమందలి జడభరతోపాఖ్యానమున మరియొక ముఖము కనబడును. భరతుడు తల్లిలేని లేడిపిల్లను దయతోనే తెచ్చి పెంచినాడు. దయ క్రమముగా మమకారమైనది, జపతపములు జారిపోయినవి, లేడినే తలచుచు దేహము విడిచి లేడియై పుట్టినాడు. కట్టినవాడును కట్టువడుననుటకు ఇంతకంటె నిదర్శనమేమి కావలెను?

రెండు మృగవనములు

ఇక రాజనీతిలోనికి వత్తము. కౌటిల్యుని అర్థశాస్త్రము బహుకాలము కనబడకపోగా, మైసూరులో శామశాస్త్రిగారు తాళపత్రప్రతిని గుర్తించి 1909 లో ప్రకటించిరి. అందు రెండవ అధికరణమున రాజు నెలకొల్పవలసిన వనములను గూర్చి చెప్పుచు కౌటిల్యుడు రెండు విధములైన మృగవనములను విధించినాడు. మొదటిది రాజుగారి విహారమునకు. దానికి ఒకటే ద్వారము, చుట్టును కందకము, లోపల మచ్చికైన మృగములు. క్రూరమృగములును ఉండును గాని వాని గోళ్లు, కోరలు తీసివేయబడి యుండవలెను. రెండవది రాజ్యపు సరిహద్దున, భూమి అనుకూలించినంత మేర. అందు సర్వమృగములును అతిథులు. 'సర్వాతిథిమృగము' అని ఆ వనమునకు విశేషణము.

ఒక్క గ్రంథమున, ఒక్క అధ్యాయమున, ఒకదాని వెంట ఒకటి! ఒక వనమున పులికి గోళ్లు లేవు. రెండవ వనమున పులి అతిథి. పందొమ్మిదవ శతాబ్దినుండి నేటివరకు లోకమున మృగములను గూర్చి జరిగిన వాదమంతయు ఈ రెండు వనముల నడుమ జరిగిన వాదమే యని మేము భావించుచున్నాము.

ఏనుగుల విషయమున కౌటిల్యుడు మరింత జాగ్రత్త చూపెను. గజవనములను కాపాడుటకు అధికారులను నియమింపవలెననెను. ఏనుగును చంపినవానికి మరణదండన విధించెను. గున్నలను, రోగముతో నున్నవానిని, చూలుతో నున్నవానిని, పాలిచ్చు తల్లులను పట్టరాదనెను. ఇది కేవలము దయ యనరాదు. సేనకు ఏనుగులు కావలెను, అడవి తరిగినచో ఏనుగులు దొరకవు. అయినను స్వార్థమునకు ఒక హద్దు గీచినాడు గదా!

అశోకుని కాలమునకు ఆ హద్దు మరికొంత ముందునకు జరిగినది. కర్నూలు సీమలోని ఎఱ్ఱగుడి బండలపై అతని శిలాశాసనములు నేటికిని నిలిచియున్నవి. తన వంటశాలకై దినమునకు రెండు నెమళ్లు, ఒక లేడి మాత్రమే చంపబడుచున్నవనియు, ముందు అవియును చంపబడవనియు అందు చెప్పుకొనెను. మనుష్యులకును పశువులకును చికిత్స ఏర్పాటు చేసితిననెను. పూర్వరాజులు చేయు వేట విహారములను మాని ధర్మయాత్రలు చేయుచున్నాననెను. తెలుగుసీమలో మనకు దొరకిన ప్రాచీన లేఖనములలో మృగముల ప్రస్తావన ఇట్లున్నది. గర్వపడదగిన విషయము.

పాలకాప్యుని మౌనము

గజశాస్త్రమును గూర్చి ఒక్క మాట చెప్పక ముందునకు పోరాదు. ఆ శాస్త్రమునకు ఆద్యుడు పాలకాప్యముని. నీలకంఠుని మాతంగలీలయందును ఆయన కథ కలదు. అంగదేశమున, గంగాతీరమందలి చంపానగరమున రోమపాదుడు రాజు. అడవి ఏనుగులు పంటలను పాడుచేయుచుండగా రాజు వానిని పట్టించి నగరమున కట్టివేయించెను. ఆ మందతో కలసి పెరిగిన పాలకాప్యుడు ఒకనాడు ఆశ్రమమునకు తిరిగివచ్చి చూడగా ఏనుగులు లేవు. అడుగుజాడలు పట్టి వెదకుచు చంపకు వచ్చెను. సంకెలలతో, పుండ్లతో ఉన్న తనవారిని చూచెను. ఎవరితోను మాటాడలేదు. ఆకులు, వేర్లు తెచ్చి పుండ్లకు మందు పూయుచు వానియొద్దనే ఉండిపోయెను. రాజు స్వయముగా వచ్చి ఎవరు నీవని అడిగినను మొదట పలుకలేదు. పిదప బహువిధముల ప్రార్థింపగా నోరు విప్పి గజచికిత్సను ఉపదేశించెను.

గ్రహించితిరా? ఏనుగును కట్టి పోషించుటను గూర్చిన మన శాస్త్రము రాజుగారి వైభవమునుండి పుట్టలేదు. కట్టబడినదాని పుండునుండి పుట్టినది. మాతంగలీల మరియొకటి కూడ చెప్పును. క్రొత్తగా పట్టువడిన ఏనుగు అడవిలోని నీటిని, గుంపును, స్వేచ్ఛావిహారమును తలచుకొని కృశించి కొలది దినములలో మరణించుటయు కలదని. శాస్త్రకారుడు ఈ మాటను దాచలేదు. నేడు ఏనుగునకు పట్టుబట్ట కప్పి, నుదుట నామము దిద్ది, గంటలు కట్టి చూచి మురియువారు ఈ భాగమును చదువుట లేదు.

మానసోల్లాసమును చూడుడు. కల్యాణి చాళుక్య ప్రభువు మూడవ సోమేశ్వరుడు (1126–1138) రచించిన గ్రంథమిది. ఆ కాలమున మన పానగల్లు నేలిన కందూరు చోడులు చాళుక్యులకు సామంతులే. గజబంధన విధానములు, మృగముల పోరాటములు, చీతాలతో లేళ్లను వేటాడించుట—ఇవన్నియు అందు రాజవినోదములుగా వర్ణింపబడినవి. చీతా అను పదము మన 'చిత్రక' శబ్దమునుండి పుట్టినదే. మన చిరుతపులి వేరు, అది వేరు. ఈ వినోదము తరువాతి కాలమున మొగలాయీలకును సంక్రమించెను. అక్బరు పాదుషా జీవితకాలమున వేల కొలది చీతాలను పోగుచేసెనని చెప్పుదురు. కాని చీతా బంధనమున సులభముగా పిల్లలను కనదు. ఒక్క చీతా బంధనమున ఈనుట జహంగీరునకు తన గ్రంథమున వ్రాసికొనదగిన వింత అయినది. కావున కట్టివేసిన ప్రతి చీతాయు అడవినుండియే రావలెను. పట్టుటయు, వేటయు, బయళ్లు తరిగిపోవుటయు కలసి, 1952 లో భారతదేశమున చీతా లేదని ప్రకటింపవలసి వచ్చినది. 2022 సెప్టెంబరు 17 న నమీబియా దేశమునుండి ఎనిమిదింటిని తెచ్చి మధ్యప్రదేశమందలి కూనోలో విడిచిరి. దాని పేరు మనది. మృగమును మాత్రము పరదేశమును అడిగి తెచ్చుకొంటిమి.

చూచెడి కన్ను

రాజుల వినోదము ప్రజల వినోదమైనది పందొమ్మిదవ శతాబ్దియందు. లండనులో 1828 లో జంతు ప్రదర్శనశాల ఏర్పడెను. మన వైపున 1855 లో మద్రాసునందు మ్యూజియము ఆవరణలో ఎడ్వర్డు బాల్ఫరు అను వైద్యుడు ఒకటి నెలకొల్పెను. ఇనుపకమ్మల వెనుక పులి. ఈవల కుటుంబముతో మనుష్యుడు. 1907 లో జర్మనీదేశపు కార్ల్ హాగెన్‌బెక్ హాంబర్గు వద్ద కమ్మలను తీసివేసి కందకములు త్రవ్వించెను. మృగము స్వేచ్ఛగా ఉన్నట్లు చూపరికి తోచును. మృగమునకు మాత్రము హద్దు హద్దే. కౌటిల్యుని మొదటి వనమునందలి కందకము మీకు జ్ఞప్తికి వచ్చి యుండును.

ఆ హాగెన్‌బెక్కే దూరదేశపు మనుష్యులను కూడ తెచ్చి ప్రదర్శించెడివాడు. 1906 సెప్టెంబరులో న్యూయార్కు నగరపు బ్రాంక్స్ జంతుశాలయందు ఓటా బెంగా అను కాంగోదేశపు యువకుని కోతుల గృహమునందు జనులకు చూపిరి. నల్లజాతి మతగురువులు తీవ్రముగా ఎదిరింపగా విడిచిపెట్టిరి. ఆయన తిరిగి స్వదేశమును చూడలేక 1916 లో తన ప్రాణము తానే తీసికొనెను. దీనిని ఏల చెప్పుచున్నాము? బంధింపబడినదానిని వినోదముగా చూచుటకు అలవడిన కన్ను మృగముతో ఆగదు. ఎదుటివాని దుఃఖమును చూడకుండుటకు ఒకసారి నేర్చినచో మనుష్యుని యెడలను అట్లే ప్రవర్తించును. అహింసను మన ఋషులు మృగముల మేలుకొరకే గాక మన చిత్తశుద్ధికొరకును విధించిరి.

మన ఊళ్లలోనికి మృగము సర్కసు రూపమున వచ్చినది. శ్రీకాకుళపు సీమవాడైన కోడి రామ్మూర్తినాయుడుగారు రొమ్ముమీద ఏనుగును నిలుపుకొనుట మన పెద్దలు కథలుగా చెప్పెడివారు. ఆయన బలము నిజమే. అయితే సర్కసు గోడపత్రికపై సింహము ఎల్లప్పుడును నోరు తెరచి గర్జించుచుండును. డేరాలోపల అది కొరడాకు వెరచి బల్లపై కూర్చుండును. చిత్రములో క్రౌర్యము, బోనులో భయము. చూపరి రెండింటికిని చప్పట్లు కొట్టెను.

ఎలుగుబంటిని ఆడించువారు మన తెలంగాణ పల్లెలకును వచ్చెడివారు. పిల్లలను దానిపై ఎక్కించినచో పిరికితనము పోవునని, దాని వెంట్రుకను తాయెత్తులో కట్టినచో దడుపు పోవునని మనవారు నమ్మిరి. ఆ ఎలుగుబంటికి చిన్ననాడే కాల్చిన ఊచతో మూతి పొడిచి త్రాడు దూర్చెడివారు, పండ్లు ఊడగొట్టెడివారు. గోళ్లు, కోరలు లేని మృగమనగా కౌటిల్యుని మొదటి వనమే! మన బిడ్డల భయము తీర్చుటకు మనము తెచ్చుకొన్నది మనకంటె భయపడినదానిని. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టము దీనిని నిషేధించినను ఆచరణకు చాలకాలము పట్టెను. ఆడించు కలందరులకు వేరు జీవనోపాధి చూపిన పిదపనే ఎలుగుబంట్ల ఆట 2009 చివరకు ముగిసినది. అడిగినవాని పొట్ట నింపక ధర్మము చెప్పిన ప్రయోజనము లేదని దీనివలన తెలియుచున్నది. సర్కసులందు ఎలుగుబంటి, కోతి, పులి, చిరుత, సింహములను ఆడింపరాదని కేంద్రప్రభుత్వము 1998 లో ఇచ్చిన ప్రకటనను సుప్రీంకోర్టు 2001 లో సమర్థించెను. విడిపింపబడిన సింహములకు, పులులకు తిరుపతిలోను, విశాఖపట్టణములోను ఆశ్రయము కల్పించిరి.

హైదరాబాదు జూపార్కు

మన పిల్లలు చూచెడి పులి హైదరాబాదు జూపార్కునందలి పులియే. మీరాలం చెరువు ప్రక్కన సుమారు 380 ఎకరములలో ఏర్పడిన నెహ్రూ జంతు ప్రదర్శనశాల 1963 అక్టోబరు 6 న ప్రజలకు తెరువబడినది. ఇరుకు బోనులకు బదులు విశాలమైన ఆవరణలు ఏర్పరచుటలో అది మన దేశమునకు మార్గము చూపినది. దానికి గల మంచిని కాదనము. అయినను మూడు సంఘటనలను మనస్సునందు ఉంచుకొనవలెను.

మొదటిది: 2000 అక్టోబరులో రాత్రివేళ దుండగులు ప్రవేశించి సఖి అను చిన్నవయస్సు ఆడపులిని దాని ఆవరణలోనే చంపి చర్మము ఒలిచిరి. అడవిలోనైన పులి పారిపోవును. దానికి పారిపోవుటకు చోటు లేదు. బంగారులేడి కథలోని రెండవ కోరిక ఇచ్చట తీరినది.

రెండవది: 2021 మే నెలలో ఆ జూపార్కునందలి ఎనిమిది సింహములకు కరోనా సోకినట్లు తేలినది. అవి కోలుకొనినవి. కాని అడవిలోని సింహమునకు మనుష్యుని ఊపిరి తగులునా? దానిని మనము అంత దగ్గరకు తెచ్చుకొంటిమి. మన రోగము దానికి పోయినది.

మూడవది శుభము. మూషికజింక అను చిన్న ప్రాణి కలదు, కుందేలంత ఉండును. మన అడవులలో అది అరుదైనది. 2010 ప్రాంతమున జూపార్కువారును, సి.సి.ఎం.బి. శాస్త్రజ్ఞులును కలసి దానిని సంరక్షించి, పిల్లలను పెట్టించి, 2017 లో నల్లమలలోని అమ్రాబాదు పులుల అభయారణ్యమున విడిచిరి. పాత మహబూబ్‌నగరు జిల్లా అడవి అది. అడవినుండి ఊరికి వచ్చిన త్రోవలు వేలు. ఊరినుండి అడవికి పోయిన త్రోవ ఇది. అతిథి ధర్మమనగా ఇదియే. అతిథిని ఆదరించి, వేళ అయినప్పుడు సాగనంపవలెను. పంపనివాడు ఆతిథేయుడు కాడు.

ఏనుగు ప్రశ్నకు సమాధానము

ఇప్పుడు మొదటి ప్రశ్నకు వత్తము. ఆ జూపార్కునందలి రజని అను ఏనుగు కొన్ని సంవత్సరములు బోనాల ఊరేగింపునందును, మొహర్రం నాటి బీబీకా ఆలం ఊరేగింపునందును నడచినది. పండుగ ఎవరిదైనను మోసినది ఒక్కటే ఏనుగు. ఏనుగునకు నడక ప్రాణము; విశాలమైన నేల, తన గుంపు కావలెను. అందుచేతనే 2009 లో కేంద్ర జంతుప్రదర్శనశాలల ప్రాధికార సంస్థ ఏనుగులను జూలలో ఉంచక అటవీశిబిరములకు తరలింపవలెనని చెప్పినది. జూపార్కే చాలదనిన ప్రాణికి మన వీధి, మన బాణసంచా, మన మైకుల మ్రోత చాలునా?

"సంప్రదాయము మాట యేమి?" అందురు. అనేక ప్రసిద్ధ క్షేత్రములందు ఏనుగులు తరతరములుగా ఉన్నవి. వానిని ప్రేమతో పోషించు మావటీలును ఉన్నారు. వారిని ఆక్షేపించుట మా ఉద్దేశము కాదు. మేము చెప్పునది క్రొత్తగా తెచ్చుటను గూర్చి. మన ఆలయములందు గజవాహనము, సింహవాహనము, శేషవాహనము, హనుమద్వాహనము అను వాహనసేవలు కలవు. ఇవి కొయ్యతో చేసి, లోహపు రేకులు తొడిగిన మూర్తులు. యాదగిరిగుట్ట బ్రహ్మోత్సవములందు స్వామి వీనినే అధిరోహించును. ఇవి ఏనుగు దొరకనందున పెట్టుకొన్న బొమ్మలు కావు. ప్రతిష్ఠాసంస్కారము పొందిన వాహనములు. సింహవాహనమునకు సింహమును తెమ్మని ఎవ్వరును అడుగరు. శేషవాహనమునకు పామును తెమ్మని అడుగరు. గజవాహనమునకు మాత్రము ప్రాణమున్న ఏనుగును ఏల అడుగవలెను? అది మచ్చికకు లొంగినందుననే గదా! లొంగుట దాని నేరమా?

కేరళలో ఆలయోత్సవములకు ఏనుగు లేనిదే జరుగదందురు. అట్టి చోటనే, త్రిశ్శూరు జిల్లాలోని ఇరింజాడపిళ్లి శ్రీకృష్ణాలయమువారు 2023 ఫిబ్రవరిలో యంత్రపు ఏనుగును నిలిపిరి. మనకు యంత్రము కూడ అక్కరలేదు. మన వడ్రంగుల చేతిలో కొయ్య ఉన్నది, మన శాస్త్రమునందు విధి ఉన్నది. ఏనుగును తెప్పించుటకు అగు వ్యయముతో ఒక మంచి గజవాహనమును చేయించినచో మన మనుమలకును నిలుచును.

జూపార్కునకు పిల్లలను తీసికొనిపోవద్దని మేము చెప్పము. పోయినప్పుడు రాయి రువ్వనీయకుడు, కేకలు వేయనీయకుడు, తినుబండారములు విసరనీయకుడు. పులి నిద్రించుచున్నచో నిద్రింపనిండు. అది మన టిక్కెట్టు కొరకు పుట్టలేదు. దాని అసలు ఇల్లు అమ్రాబాదు అడవియని, అచ్చట అది ఇప్పటికిని ఉన్నదని, మనము చూడకున్నను ఉండవలెనని పిల్లలకు చెప్పుడు. కౌటిల్యుని రెండవ వనమది.

రోమపాదుడు అడిగినప్పుడు పాలకాప్యుడు మొదట మాటాడలేదు. మనము ఉత్సవమునకు ఏనుగును తేదలచినప్పుడు ఆ ముని మౌనమును ఒక్క క్షణము తలచుకొనుడు. పిదప మీ నిర్ణయము మీదే.

స్వస్తి.